వంటింటి మధ్యలో పొయ్యి

ఇరవై రెండేళ్లు స్టేజీ మీద రాణి వేషాలు వేసి వేసి ఆమెకు మహారాణి అన్న పేరే ఖాయమైపోయింది. ఇంట్లోవాళ్లు కూడా అసలు పేరు వాడటం మానేశారు. అలాంటి మహారాణికి సొంతంగా సినిమా తీయాలని బుద్ధి పుట్టింది. కథ కోసం ఎక్కడికీ పోలేదు, తన కథే. పద్దెనిమిదేళ్ల పిల్ల నాటకాల ట్రూపులో చేరడానికి ఇల్లు వదిలి వెళ్లిపోతుంది.

నిజానికి ఆ రోజు వంటింట్లో ఉన్న అమ్మ ఒక్క మాటా అనలేదు, కనీసం తిరిగి చూడలేదు. అంత కోపమా అన్న బాధ ఇన్నేళ్లూ మహారాణి గుండెల్లో ముల్లులా ఉండిపోయింది. అందుకే సినిమాలో తల్లికి రెండు పేజీల డైలాగు రాసి కసి తీర్చుకుంది.

ఇక మిగిలింది ఆ సీనొక్కటే. తల్లి వేషం వేయాల్సిన నటికి సరిగ్గా అప్పుడే గొంతు పోయింది. పెళ్లి వీడియోలు తీసే తమ్ముడు మర్నాడు కెమెరా పట్టుకుని ఊరెళ్లిపోతాడు. గత్యంతరం లేక అమ్మనే నిలబెట్టారు.

మహారాణి ముందుగా చేసిన పని, గోడవారగా ఉన్న పొయ్యిని వంటింటి మధ్యకు లాగించడం.

"ఇలా నడిమధ్యలో పొయ్యి పెట్టుకుని వండేవాళ్లని ఎక్కడన్నా చూశావటే?" అంది అమ్మ.

"గోడకేసి తిరిగితే నీ మొహం ఎలా కనపడుతుందమ్మా? ప్రేక్షకులకి వీపు చూపించకూడదు."

"నా వంటింట్లో ప్రేక్షకులెవరే?"

తలుపు దగ్గర నిలబడి కూతురి మాట మహారాణే అందించింది. మొదటిసారి అమ్మ కెమెరా వైపు చూసి పెళ్లి ఫొటోకి నవ్వినట్టు నవ్వింది. రెండోసారి కోపంగా మొదలుపెట్టి, మధ్యలో "తర్వాతేంటే?" అని అడిగింది. పదకొండోసారికి ఆవిడ ఓపిక అయిపోయింది.

"మీ సినిమా పాడుగాను! ఆకలితో చస్తున్నాం, ముందు వంట కానివ్వండి" అంటూ తనే పొయ్యిని గోడ దగ్గరకు నెట్టి, అటు తిరిగి బెండకాయలు తరగడం మొదలుపెట్టింది.

మహారాణికి నీరసం ముంచుకొచ్చింది. తమ్ముడు మాత్రం కెమెరా ఆపలేదు, కానివ్వమని సైగ చేశాడు. ఆమె ఏదో మొక్కుబడిగా అంది.

"అమ్మా, నేను వెళ్తున్నాను."

కత్తి ఆగింది. అమ్మ భుజాలు కాస్త పైకి లేచి అలాగే ఉండిపోయాయి. ఎడమచెయ్యి చెంగు దాకా వెళ్లి వెనక్కి వచ్చింది. తర్వాత కత్తి మళ్లీ కదిలింది, ఈసారి మరీ వేగంగా. ముక్కలు ఒకటి చిన్నా ఒకటి పెద్దా పడుతున్నాయి.

మహారాణికి ఒళ్లు జలదరించింది. ఎన్ని రాణివేషాలు వేసినా తనకిలాంటిది ఒక్కనాడూ కుదరలేదు.

"ఇదెలా చేశావమ్మా?"

"చేసేదేముందే? ఆ రోజూ ఇంతే" అంది అమ్మ, తిరగకుండానే. "ఇటు తిరిగితే నా కళ్లు చూసి నువ్వాగిపోతావని భయమేసింది. నువ్వాగిపోతే ఈ మహారాణి ఎక్కణ్ణించొచ్చేది?"

తమ్ముడు కాసేపు చూశాడు. "అక్కా, కట్ చెప్పవేంటి?"

అమ్మ కత్తి పక్కన పెట్టి వెనక్కి చూసింది. కూతురు తలుపు వైపు తిరిగి నిలబడి ఉంది.

"ఇటు తిరగవే తల్లీ" అంది, చెంగుతో కళ్లు తుడుచుకుని నవ్వుతూ. "ప్రేక్షకులకి వీపు చూపించకూడదన్నావుగా."