వద్దనాల్సిన మాట

అయినా క్షమాపణ నేనెందుకు చెప్పాలి, పొద్దున్నే తొమ్మిదిమంది ఇంజనీర్ల ముందు నిలబెట్టి, చూడమ్మా ఫర్హత్, లైబ్రరీ రాసింది నువ్వు, తప్పొస్తే బాధ్యత కూడా నీదేగా, మధ్యాహ్నంలోగా కఫీల్‌కి ఒక ఉత్తరం రాసిచ్చెయ్, అన్నాడు మా మేనేజరు కృష్ణమూర్తి, పక్కవాళ్లని టీ తెమ్మన్నంత తేలిగ్గా, కఫీల్ అంటే ఈ దేశంలో మా వీసాలకి పూచీ ఉన్న కంపెనీ యజమాని, అయ్యా, నా పొరపాటు వల్ల, అని టైపు చేసి ఆగాను, ఏది నా పొరపాటు, కిటికీ కింద మిర్కాబ్ రోడ్డు మీద హారన్లు, అద్దం నిండా దుమ్ము, నాలుగేళ్ల కిందట ఈ ఆఫీసులో దూలాలకొకరు, స్లాబులకొకరు ఎవరి ప్రోగ్రాం వాళ్లు రాసుకుని, ఒకే లెక్కకి మూడు కంప్యూటర్లు మూడు జవాబులు చెబుతుంటే, అందరి ప్రోగ్రాములూ వాడుకునేలా ఒకే గణిత లైబ్రరీ రాసింది నేను, వందల సమీకరణాలు ఒక్కసారిగా సాధించే ఒకే ఫైలు, ప్రతి బల్ల మీదా అదే, అందులో ఒక హెచ్చరిక కూడా పెట్టాను, సమీకరణాలు నిలకడగా లేకపోతే లెక్క ఆపేసి ఈ జవాబు నమ్మవద్దు అని చెప్పేది, పదంటే పది పంక్తులు, వాటి కోసం ఆరు వారాలు కుస్తీ పట్టాను, బయటివాళ్లకి చూపించినప్పుడల్లా కృష్ణమూర్తి మా సాఫ్ట్‌వేర్ అని చెప్పుకున్నాడు, ఆ మా అన్నప్పుడు నేను కూరలో కరివేపాకుని, తప్పు అనేసరికి మాత్రం లైబ్రరీ నా ఒక్కదానిదైపోయింది, ఇదెక్కడి న్యాయం.

ఆ హెచ్చరిక తీయించింది ఆయన కాదూ, పని మాటిమాటికీ ఆగిపోతోందని, డ్రాయింగులు ఆలస్యమవుతున్నాయని, పోయిన నెల తనే ఆ పంక్తులు కొట్టేసి, కంప్యూటర్లు చూసే జిలానీ బాషాతో అన్నింట్లోనూ కొత్త ఫైలు పెట్టించాడు, ఇందాక, నన్ను అక్కలా చూసే జిలానీని అడిగితే తల దించుకుని, ఆపా, సారు యల్లా యల్లా అని తొందర పెట్టినాడు, నేను పెట్టేసినా, దాని లోపలేముందో నాకేం తెల్సు ఆపా, అన్నాడు, మా రాయచోటి మనిషి, అబద్ధమాడడు, ఆ తర్వాతే మిష్రిఫ్ విల్లా బేస్‌మెంట్ గోడ లెక్క వచ్చింది, మట్టి మెత్తన, గోడ గట్టి, ఆ తేడాకే సమీకరణాలు నిలకడ తప్పుతాయి, సరిగ్గా ఆ హెచ్చరిక పలకాల్సిన చోటు, పలకడానికి అదెక్కడుంది, కావలసిన ఇనుములో సగమే చాలని జవాబు వచ్చింది, తెర మీద అంకె కనబడితే చాలు ఎవరికీ అనుమానం రాదు, సైటులో ఫోర్‌మన్ హుస్సేన్ వలి మాత్రం, మేడమ్, ఇరవై ఏండ్లుగా కడ్డీలు కట్టిస్తాండా, ఇంత లోతులో ఇంత సన్నటివి యాడా చూళ్లేదు, కాంక్రీటు ఆపేసినా, తిడితే తిట్టండి, అని నిన్న ఫోన్ చేశాడు కాబట్టి సరిపోయింది, లేకుంటే.

లేకుంటే ఏమయ్యేదో అని డ్రాయింగు తెరిచాను, ఆ గోడను ఆనుకుని ఒక చిన్న గది, పనిమనిషి గది అని రాసి ఉంది, పొద్దస్తమానం ఇంటి యజమానురాలిని మామా, మామా అంటూ మెట్లెక్కి దిగిన ఎవరో ఒకామె ఆ గోడ వైపు తల పెట్టి పడుకుంటుంది, గోడ వెనక నాలుగు మీటర్ల మట్టి, ఎంత ధైర్యం ఈయనకి, ఎవరినడిగి తీశాడు, ఎవరినడిగి, అని పళ్లు కొరుకుతుంటే గుర్తొచ్చింది, అడిగాడు, నన్నే అడిగాడు, తన గదిలోకి పిలిచి, అది తీసేస్తున్నానమ్మా, అభ్యంతరమేం లేదుగా, అన్నాడు, నేనీ దేశంలో ఉండడానికి కావలసిన ఇఖామా రెన్యువల్ కాగితాలు ఆయన సంతకం కోసం ఆ బల్ల మీదే ఉన్నాయి, మీ ఇష్టం సార్ అన్నాను, నవ్వాను కూడా.

టైపు చేసిందంతా చెరిపేశాను, జిలానీని పిలిచి పాత ఫైలు అన్ని కంప్యూటర్లలో ఇప్పుడే పెట్టు, సారు అడిగితే ఆపా చెప్పిందని చెప్పు, అన్నాను, తొమ్మిదిమందికీ, కఫీల్‌కీ, కృష్ణమూర్తికీ కలిపి ఒకటే ఉత్తరం, హెచ్చరిక ఎవరు తీశారో, ఏ తేదీన తీశారో, ఆ తర్వాత చేసిన ప్రతి లెక్కా మళ్లీ ఎందుకు చేయాలో రాశాను, చివరి వాక్యం కూడా రాశాను, ఇది ప్రమాదమని తెలిసీ నేను కాదనలేదు అని, పంపేశాను, ఆయన మీద కోపం తగ్గలేదు, తగ్గనక్కర్లేదు, కానీ పొద్దుట్నుంచీ ఇంత మంట ఎందుకో తెలిసింది, ఆ పది పంక్తులు దేన్ని ఆపుతున్నాయో ఈ ఆఫీసు మొత్తంలో తెలిసింది నాకొక్కదానికే, వద్దు అనాల్సింది నేనే.