ఉప్పు చూడని వంట

చంద్రుడు పగిలిన మొదటి వారం చెన్నై అంతా మేడల మీదే ఉంది. విరిగిన అప్పడంలా తెల్లటి ముక్కలు ఆకాశమంతా చెదిరి కనిపిస్తుంటే జనం ఏడ్చారు, మొక్కుకున్నారు, ఫోటోలు తీసుకున్నారు. రెండో వారానికి అలవాటు పడిపోయారు. వరదలూ నీళ్ళ కరువూ చూసిన ఊరు, కాలం చెడిందని ఆఫీసు మానేస్తుందా?

నిజంగానే కాలం చెడింది. చంద్రుడు పోయాక దానికి పట్టు తప్పింది. గడిచిన గంట ఒక్కోసారి వెనక్కి వచ్చేది. వచ్చిన గంట ఊరికే పోయేది కాదు, అందులో చేసిన పనుల్లో కొన్నిటిని చెయ్యనట్టే చేసి పోయేది. అప్పుడప్పుడు పాత రోజుల మనుషులు దారి తప్పి వచ్చి, కాసేపుండి వెళ్ళిపోయేవారు. "వాళ్ళకేమీ చెప్పకండి, మర్యాదగా చూసి పంపండి" అని టీవీలో రోజూ హెచ్చరించేవారు.

తొండియార్‌పేటలో ఉండే రాజలక్ష్మికి వీటితో పేచీ ఏమీ లేదు. ఆమె బాధంతా తిథి గురించే. భర్త శేషాచలం పోయింది ఆషాఢ బహుళ దశమినాడు. చంద్రుడే లేకపోతే దశమి ఎక్కడిది? దశమి లేకపోతే తద్దినం ఎప్పుడు పెట్టాలి? తప్పు రోజున పెడితే ఆయనకు అందుతుందా?

"చందమామే పగిలిపోయినాక తిథి యాడుంటాదమ్మా? మనసులో ఒక రోజు అనుకోండి, అదే దశమి" అన్నాడు పురోహితుడు కోదండరాం.

"మనం అనుకున్న రోజు ఆయనకు తెలియాల కదా సామీ!" అంది రాజలక్ష్మి.

ఆ ఆరాటానికి కారణముంది. గుండెజబ్బు వచ్చాక శేషాచలానికి డాక్టరు ఉప్పు మాన్పించాడు. చివరి ఏడాదంతా రాజలక్ష్మి చప్పిడి కూడే పెట్టింది. ఆయన ముద్దముద్దకూ విసుక్కునేవాడు. పోయే రోజు మధ్యాహ్నం ఒక్క మాగాయ ముక్క అడిగితే ఆమె జాడీ తీసి అటక మీద పెట్టేసింది. ఆ సాయంత్రమే ఆయన పోయాడు. అప్పటినుంచి ఏటా తద్దినానికి ఉప్పు సరిగ్గా పడేలా వండి, అది ఆయనకు చేరిందని తనకు తాను చెప్పుకుని బతుకుతోంది. ఈ ఏడు చేరకపోతే ఎలా అన్నదే ఆమె దిగులు.

చివరికి ఒక గురువారం అనుకున్నారు. కొడుకు రాఘవ్ సెలవు పెట్టాడు. అతనికింకా పెళ్ళి కాలేదు, కనుక వంట రాజలక్ష్మిదే. తలస్నానం చేసి, మడి కట్టుకుని పొయ్యి వెలిగించింది. తద్దినం వంటను రుచి చూడకూడదు. వచ్చిన భోక్తలు తిన్నాకే ఇంట్లోవాళ్ళు నోట పెట్టాలి. ఉప్పు సంగతంతా చేతి అలవాటు మీదే నడవాలి.

అరటికాయ కూరలో, పప్పులో, గారెల పిండిలో ఉప్పు వేసింది. అంతలో వీధిలో నీళ్ళ ట్యాంకరు హారన్ మోగింది. ఆ ట్యాంకరు ఇందాకే వచ్చి వెళ్ళింది. అంటే గంట వెనక్కి వచ్చిందన్నమాట.

"రాఘవా, ఇందాక నేనేసిన ఉప్పు ఉందో పోయిందో?"

"ఎట్లా తెలుస్తాదిమా? కొంచెం నాలిక మీద పెట్టి చూడు. ఈడ ఎవురు చూస్తారు?"

"మీ నాయన చూస్తాడు" అంది.

ఉప్పు పోయి ఉంటే వంట చప్పిడి. పోకుండా ఉంటే, ఇప్పుడు మళ్ళీ వేస్తే నోట పెట్టలేరు. ఉప్పు డబ్బా పట్టుకుని చాలాసేపు నిలబడింది. ఆయన ముందు మరోసారి చప్పిడి కూడు పెట్టడం తనవల్ల కాదనిపించి, అన్నిటిలో మళ్ళీ వేసింది. అరిటాకులు కడుగుతుండగా ట్యాంకరు ఇంకోసారి హారన్ కొట్టింది. అప్పుడే కోదండరాం వచ్చాడు. ఆ హడావుడిలో ఆమె హారన్ సంగతి పట్టించుకోలేదు.

భోక్తలు ఇద్దరు కావాలి. కోదండరాం తానే ఒక ఆకు ముందు కూర్చున్నాడు. రెండో ఆయన టి. నగర్ నుంచి ఫోన్ చేశాడు. "ఈడ ఇంకా బుధవారమే నడస్తా ఉంది సార్, నన్నేం చేయమంటారు?"

ఖాళీ ఆకు వంక చూస్తూ అందరూ తలలు పట్టుకున్న సమయంలో వీధి తలుపు తోసుకుని శేషాచలం లోపలికి వచ్చాడు.

చేతిలో గుడ్డ సంచి, ఒంటి మీద చివరి ఏడాదిలో వదులైపోయిన ఆ చొక్కానే. కాళ్ళు కడుక్కుని వచ్చి, "ఏమే, ఎవురి తద్దినమే ఈ పొద్దు?" అన్నాడు.

రాఘవ్ గోడకు ఆనుకుపోయాడు. రాజలక్ష్మికి టీవీలో చెప్పిన మాట గుర్తొచ్చింది.

"నాకు కావాల్సినోళ్ళది. ఒక ఆకు ఖాళీగా ఉండాది, మీరు కూర్చోండి."

కూర్చున్నాడు. ఆయన చూపు ఎదురుగా గోడ మీదికి పోయి, కాసేపు ఆగి, ఆకు మీదికి దిగింది. రాజలక్ష్మి వడ్డించింది. భోక్తలు వంటను మెచ్చుకోకూడదు, వంక పెట్టకూడదు. కోదండరాం తల వంచుకుని తింటున్నాడు. శేషాచలం పప్పన్నం కలిపి ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. ఆమె వడ్డించడం ఆపి చూసింది.

"అబ్బ! ఇన్నాళ్ళకు ఉప్పు తగిలిందే నాలిక్కి. డాక్టరు చూస్తే నిన్ను కొడతాడు."

కోదండరాం చటుక్కున తలెత్తాడు. వెంటనే మళ్ళీ దించుకున్నాడు.

శేషాచలం కూర మారు అడిగాడు. గారెలు మారు అడిగాడు. చివరన, తృప్తి కలిగిందా అని కొడుకు అడగాలి. రాఘవ్‌ గోడ దగ్గరే ఉండిపోయాడు. రాజలక్ష్మే అడిగింది.

"కడుపు నిండిందా?"

"నిండిందే లక్ష్మీ. ఏం కొదవ లేదు. నువ్వు బాధపడబాక."

చెయ్యి కడుక్కోవడానికి పెరట్లోకి వెళ్ళాడు. కొళాయి చప్పుడు ఎంతకీ ఆగకపోతే రాఘవ్ వెళ్ళి చూశాడు. నీళ్ళు పోతున్నాయి, మనిషి లేడు.

కోదండరాం వెళ్ళాక తల్లీకొడుకులు భోజనానికి కూర్చున్నారు. ఇన్నేళ్ళలో ఎన్నడూ లేనంత తేలికగా ఉంది రాజలక్ష్మి మనసు. ముద్ద కలిపి నోట్లో పెట్టుకుంది.

ఉప్పు లేదు.

కూర చూసింది, గారె తుంచి చూసింది. ఎందులోనూ లేదు. రెండుసార్లు వేసిందీ పోయింది. అప్పుడు గుర్తొచ్చింది, ఆకులు కడుగుతున్నప్పటి హారన్.

ఆయన కూర్చున్న చోటు చూసింది, ఎదుటి గోడ చూసింది. దండ వేసిన శేషాచలం ఫోటో అక్కడే ఉంది. పొద్దున తానే తుడిచి బొట్టు పెట్టింది, దించాలని తట్టనే లేదు. అది ఎవరి తద్దినమో ఆయనకు కూర్చోగానే తెలిసిపోయింది. తెలిసీ, ఏడాదిపాటు ముద్దముద్దకూ విసుక్కున్న మనిషి చప్పిడి కూడు మారడిగి తిని, లేని ఉప్పును మెచ్చుకుని వెళ్ళాడు.

"ఉప్పు తేనామా?" అంటూ రాఘవ్ లేవబోయాడు.

"వద్దురా. మీ నాయన బాగుందన్నాడు కదా" అంది రాజలక్ష్మి. కళ్ళు కూడా తుడుచుకోకుండా, ఆకులో ఒక్క మెతుకు మిగలనీయకుండా తింది.