జ్లాత్కా బతికే ఉంది

ప్లొవ్‌దివ్‌ నగరంలోని మా అపార్టుమెంటు వాకిట ఉన్న స్తంభానికి, చనిపోయినవారి ఫోటోతో నల్ల అంచు కాగితం అతికించడం మా ఆచారం. ఈ వసంతంలో ఆ స్తంభానికి ఎదురుగా, ముఖాలను గుర్తుపట్టి తలుపు తీసే యంత్రాన్ని బిగించారు. అది ఆ కాగితాలను కూడా శ్రద్ధగా చదివి, పోయినవారిని నివాసుల జాబితాలోంచి తీసివేసేది.

మా పొరుగున ఉండిన స్తమెన్ తన జీవితంలో ఒంటరిగా ఫోటో దిగలేదు. అందుచేత అతడు పోయిన నలభయ్యవ రోజు ప్రార్థన కాగితానికి భార్య జ్లాత్కా తామిద్దరూ ఉన్న ఫోటోనే వేయించింది. పొద్దున దాన్ని అతికించి, కొవ్వొత్తులు కొనుక్కుని తిరిగివచ్చేసరికి తలుపు తెరుచుకోలేదు.

"జ్లాత్కా గారి మృతికి ప్రగాఢ సానుభూతి," అన్నది యంత్రం.

"నీ నోట్లో మన్ను పడ! బతికే ఉన్నానే!"

"మృతులు దయచేసి పక్కకు జరగండి."

పైన ఆమె ఇంట్లో బల్లమీద, స్తమెన్ ఆత్మకోసం చక్కెర కలిపి ఉడికించిన గోధుమలు ఉన్నాయి. మధ్యాహ్నంలోగా అవి స్తమెన్ సమాధి దగ్గరికి చేరాలి. పాదిరి గారు అక్కడ ఎదురుచూస్తున్నారు. అప్పుడే వాకిట్లోకి వచ్చిన నేను జ్లాత్కా చేయి పట్టుకుని ముందుకు నడిచాను.

"మృతులతో వచ్చేవారికి ప్రవేశం లేదు," అన్నది యంత్రం.

నివాసుల సంఘం అధ్యక్షుడు ఒగ్న్యాన్‌ను పిలిపించాను. మా పక్కన నిలబడ్డందుకు అతనికీ తలుపు తెరుచుకోలేదు.

"ఆ కాగితం పీకేస్తే సరిపోదా, పెద్దమ్మా?" అని అతడు నన్ను అడిగాడు.

"పీకేశాం నాయనా. పోయినవాళ్ళు తిరిగి రారని చెబుతోంది."

అతడు యంత్రం కంపెనీకి ఫోన్ చేసి, మావైపు తిరిగాడు. "ఫిర్యాదు జ్లాత్కా పెద్దమ్మే చేయాలట. కానీ చనిపోయినవాళ్ళ ఫిర్యాదులు తీసుకోరట."

"అయితే ఈ డబ్బా ఒప్పుకుంటేనే నేను బతికున్నట్టా?" అన్నది జ్లాత్కా.

ఆ అన్యాయాన్ని నేను సహించలేకపోయాను.

"ఒగ్న్యాన్, ఇది వచ్చిన అట్టపెట్టె ఏది?"

"కారులోనే పడి ఉంది. ఎందుకూ?"

"దానిమీద దీని బొమ్మ ఉంది. కత్తిరించి పట్రా."

ఆ బొమ్మను తెల్ల కాగితానికి అంటించి, చుట్టూ నల్ల అంచు దిద్ది, కింద ఇలా రాశాను: 'మా ప్రియమైన ద్వారపాలకుడు అకాలంగా మమ్మల్ని విడిచి వెళ్ళెను. శోకతప్త హృదయాలతో, నివాసులు.' దాన్ని స్తంభానికి అతికించాము.

యంత్రం చదివింది.

"నా మృతికి నా ప్రగాఢ సానుభూతి," అని మెల్లగా అన్నది. దాని దీపం ఆరిపోయింది. తాళం విడింది.

జ్లాత్కా మెట్లమీద పడుచుపిల్లలా పరుగెత్తింది. గోధుమలు వేళకే చేరాయి.

సాయంత్రం ఆమె మిగిలిన గోధుమలు వాకిట అందరికీ పంచింది. ఒగ్న్యాన్ దోసిట్లో ఒక చెంచా ఎక్కువే పోసి, "ఇది ఆ డబ్బా ఆత్మకు," అన్నది.

"మరి రేపు మరమ్మతువాళ్ళను పిలవనా, జ్లాత్కా పెద్దమ్మా?"

"తొందరేముంది? దాని నలభయ్యవ రోజు కూడా కానివ్వు."