ఊడిరాని ఉంగరం

నేను ఒక ఎర్రరాయిని. రేగుపండంత ఉంటాను. ఇప్పటివాళ్ళు నన్ను గార్నెట్ అంటున్నారు గానీ పుట్టినచోట మాకు అంత పేరు లేదు. కృష్ణకూ గోదావరికీ నడుమ ఒక గుట్ట, దాని కింద వాగు, ఆ వాగు ఇసుకలో దొర్లుతూ ఉండేవాళ్ళం. పిల్లలు గచ్చకాయలకు బదులు మాతో ఆడుకునేవాళ్ళు. వాగు ఎండినప్పుడు ఆడవాళ్ళు ఇసుక జల్లించి, మాలో నికార్సయినవాటిని ఏరి, రేవుకు పోయే బండ్లవాళ్ళకు ఇచ్చి ఉప్పు పుచ్చుకునేవాళ్ళు. అలా చేరెడు ఉప్పుతో నా బతుకు మారిపోయింది. వస్తావా అని నన్నెవరూ అడగలేదు. అడగకుండా ఎత్తుకుపోవడం రాళ్ళకే కాదు, మనుషులకూ జరుగుతుందని తర్వాత తెలిసింది. నేను చెప్పబోయేది అలాంటి మనిషి గురించే.

ఓడ మీద రోమువాళ్ళ దేశం చేరాను. అక్కడొక పనివాడు నన్ను అరగదీసి, నా మీద తెరచాప ఎత్తిన ఓడను చెక్కాడు. ముద్ర ఉంగరానికి వాడే రాయి మీద బొమ్మను తిరగేసి చెక్కాలి. నన్ను చూస్తే ఓడ ఎడమకు పోతూ కనిపిస్తుంది. మైనం మీద అద్దితే అదే ఓడ కుడికి పోతూ కనిపిస్తుంది. ఎడమ పడమర, కుడి తూర్పు అనుకుంటే, నా ఒంటిమీది ఓడ ఎప్పుడూ మా గుట్టకు దూరంగానే పోతుంది. ఇంటిదారి పట్టేది మైనంలోని ఓడ ఒక్కటే. పనివాడికి ఇదేమీ పట్టలేదు. నన్ను ఉంగరంలో కూర్చి చుట్టూ బంగారాన్ని నొక్కి బిగించాడు. బంగారు పంజరమైనా పంజరమే.

ఒక ద్రాక్షసారా వర్తకుడు పెద్దమనిషిగా కనబడాలని కొన్నాళ్ళు నన్ను పెట్టుకున్నాడు. తర్వాత ఒక న్యాయాధికారి చేతికి వెళ్ళాను. ఆయన అమ్ముకున్న తీర్పుల మీద నన్ను అద్దుతుంటే నాకే సిగ్గేసేది. ఆయన నన్ను రాజుగారికి కానుక ఇచ్చి పదవి సంపాదించుకున్నాడు. ఆ రాజు మీసం సరిగ్గా రాని కుర్రవాడు. సన్నటి వేళ్ళతో పద్యాలు రాసుకునేవాడు. ఓడ బొమ్మ నచ్చి నన్నే రాజముద్రగా చేసుకున్నాడు. ఇక నన్ను అద్దనిదే ఏ ఆజ్ఞా చెల్లదు. ఒకనాడు అతని కాపలావాళ్ళే అతన్ని స్నానాల తొట్టిలో ముంచి చంపారు. తడి వేలు మీంచి నేను ఇట్టే జారి వచ్చేశాను. తర్వాత ఏం చేయాలో చంపినవాళ్ళకు తోచలేదు. ఏ సైన్యానికి బలముంటే ఆ సైన్యానికే భయపడాలి కనుక, నన్ను ఒక గుడ్డలో చుట్టి ఉత్తరపు సరిహద్దుకు పంపారు.

అక్కడి సేనాని పేరు వరెల్లస్. పడవ నడిపేవాడి కొడుకు. చిన్నప్పటినుంచీ గడ వేసి వేసి అతని వేళ్ళు చింతకాయల్లా కణుపులు తేలి ఉండేవి. సైనికులతోపాటు అదే అంబలి తాగేవాడు, అదే బురదలో పడుకునేవాడు. అందరూ అతన్ని అన్నా అని పిలిచేవాళ్ళు. కొలువు ముగిశాక తన ఊరి రేవుకు పోయి, భార్య నోనియాతో కలిసి పడవ నడుపుకోవాలన్నది అతని కోరిక. అంతకుమించి ఏమీ లేదు.

నన్ను చూడగానే సైనికులకు పూనకం వచ్చింది. అతన్ని డాలు మీద కూర్చోబెట్టి ఎత్తారు. అతని చేతికింద పెరిగిన ఒఫెల్లస్ అనే దళనాయకుడు ఉంగరం పట్టుకుని ముందుకొచ్చాడు.

"అన్నా, చెయ్యి చాపు."

"నాకీ గొడవ వద్దురా ఒఫెల్లస్. పడవోడి కొడుక్కి రాజ్యమెందుకు?"

"నువ్వు వద్దంటే ఇంకో దండువాడు రాజవుతాడన్నా. వాడు ముందు నిన్ను చంపుతాడు, తర్వాత మమ్మల్ని."

ఎడమచేతి ఉంగరపు వేలి నరం తిన్నగా గుండెకు పోతుందని వాళ్ళ నమ్మకం. రాజముద్ర ఆ వేలికే ఉండాలి, మరో వేలికి పెడితే అరిష్టం. కుర్రరాజు సన్నటి వేలికి చేసిన ఉంగరం ఆ కణుపు దగ్గర ఆగిపోయింది. అప్పుడైనా ఊరుకోవచ్చు కదా. ఎవరో పంది కొవ్వు తెచ్చి పూశారు. ఇద్దరు మణికట్టు పట్టుకున్నారు, ఒఫెల్లస్ తోశాడు. లోపల ఎముక చిట్లిన చప్పుడు నాకు వినబడింది. కణుపు దాటి నేను అవతలికి పడ్డాను. సైనికులు నేల దద్దరిల్లేలా కేకలు వేశారు. ఒఫెల్లస్ బురదలో మోకాళ్ళు ఆనించి, తల వంచి, "ప్రభూ" అన్నాడు. అన్నా అన్న పిలుపు అక్కడితో సరి.

నగరంలో మొదట అంతా బాగానే సాగింది. వరెల్లస్ ధాన్యపు కొట్లు తెరిపించాడు, నీటికాలువ బాగుచేయించాడు. అతని పల్లకి పోయిన దారిలో మట్టి తీసి కళ్ళకద్దుకున్నవాళ్ళున్నారు. నగరమంతా విగ్రహాలు లేచాయి. లేచాయంటే కొత్తవి కావు. కుర్రరాజు విగ్రహాల తలలు తీసేసి వాటి మీద ఇతని తల అతికించారు. కవి భుజాల మీద పడవవాడి మెడ. ఎవరూ నవ్వలేదు, అందరూ దండం పెట్టారు.

అతనికి మాత్రం ఊపిరాడలేదు. అన్నం విషపరీక్ష ముగించుకుని వచ్చేసరికి చల్లారిపోయేది. కిటికీ తెరవాలంటే కాపలాకు చెప్పాలి. మేడమీంచి నది కనబడేది, దిగి కాళ్ళు తడుపుకునే వీలు లేదు. ఆజ్ఞల మీద నన్ను అద్దేటప్పుడు మైనంలో పడిన ఓడను చూస్తూ ఉండిపోయేవాడు. అతని ఊరూ తూర్పునే. మేమిద్దరం ఒకే దిక్కు చూసేవాళ్ళమని అతనికి తెలియదు.

ఎండాకాలం వస్తే వేలు వాచి బంగారం కండలోకి దిగేది. వైద్యుడు నూనె పోశాడు, చన్నీళ్ళలో పెట్టించాడు. లాభం లేదు. చివరికి కంసాలిని పిలిపించి ఉంగరం కోసెయ్యమన్నాడు. కంసాలి ఆకురాయి కింద పడేసి కాళ్ళమీద పడ్డాడు.

"నన్ను చంపకండి ప్రభూ. రాజముద్ర కోస్తే రాజును కోసినట్టే. నా పిల్లల్ని కూడా బతకనియ్యరు."

"రాజునే కదా చెబుతున్నది, కొయ్యి."

"ఇట్లాంటి మాట చెప్పినవాడు రాజెట్లా అవుతాడని రేపు జనం అంటారు ప్రభూ."

ఆ సంగతి వీధుల్లోకి పాకింది. ఆ ఉంగరం ఆయన ప్రాణం పోయాకే ఊడుతుందని నగరంలో పసిపిల్లలకు కూడా తెలిసిపోయింది. కొందరు దాన్ని మహిమ అన్నారు.

ఒకనాడు అతను ఒఫెల్లస్‌ను పక్కన కూర్చోబెట్టుకున్నాడు. ఒఫెల్లస్ ఇప్పుడు కోట కాపలాకు పెద్ద. "ఒక్కసారి అన్నా అనరా. మనిషిలా పిలవరా నన్ను" అన్నాడు. ఒఫెల్లస్ తలుపు వైపు చూశాడు, గోడ వైపు చూశాడు. "తమరు ప్రభువులు" అని లేచి నిలబడ్డాడు. వరెల్లస్ ఆ రోజు అన్నం ముట్టలేదు. నాకు జాలేసింది. బంగారం బిగింపు ఎలా ఉంటుందో నాకు తెలుసు.

చివరికి పెద్దల సభకు పోయి, నేను దిగిపోతాను, మీకు నచ్చినవాణ్ణి పెట్టుకోండి అని ఉన్నమాట చెప్పేశాడు.  ఒక ముసలాయన లేచి చప్పట్లు కొట్టాడు. అందరూ కొట్టారు. ఎంత వినయం, ఎంత నిగర్వం అంటూ కళ్ళు తుడుచుకున్నారు. వినయశీలి అని బిరుదిచ్చి ఇంకొక విగ్రహానికి తీర్మానం చేశారు. వాళ్ళను తప్పుపట్టలేం. దిగిపోతాననే రాజు తమ మనసు పరీక్షించడానికే అంటున్నాడని తాతలనాటి నుంచి వాళ్ళ అనుభవం. నిజమేననుకుని తలూపినవాళ్ళ తలలు మిగల్లేదు.

బయటికొచ్చాక ఒఫెల్లస్ నెమ్మదిగా చెప్పాడు. "దిగిపోయే ఆజ్ఞ చెల్లాలంటే రాజముద్ర పడాలి ప్రభూ. ముద్ర వేశారంటే తమరు రాజే."

అడకత్తెరలో పోకచెక్క అయిపోయాడు పాపం.

తర్వాతి ఏడాది ధాన్యం పండే దేశాల్లో వానలు లేక ధాన్యపు ఓడలు రాలేదు. మట్టి కళ్ళకద్దుకున్నవాళ్ళే ఆ మట్టి తీసి పల్లకి మీద విసిరారు. మా గుట్టకింద ఒక మాట అనుకునేవాళ్ళు, ఏరు దాటేదాకా ఓడమల్లయ్య, ఏరు దాటాక బోడిమల్లయ్య అని. దక్షిణపు దండు తన సేనానిని డాలుమీద ఎత్తిందని కబురొచ్చింది. సభ గంటలో తీర్మానం చేసింది. పాతరాజు ప్రాణం తీసి, రాజముద్ర కొత్తరాజుకు పంపాలని. ఆ పని ఒఫెల్లస్‌కు అప్పజెప్పారు. వినయశీలి విగ్రహానికి అప్పటికింకా ముక్కు చెక్కలేదు.

నోనియా ముందే పసిగట్టింది. మధ్యాహ్నం ముసురులో వంటింటి వాకిలి గుండా భర్తను బయటికి తెచ్చింది. ఒంటిమీద పడవవాళ్ళ గోనె, చేతికి గుడ్డ కట్టు. నది ఒడ్డున పాకలో ఒక పడవ ఉంచింది. గుడ్డ తడిస్తే నేను మెరుస్తానని ఆమె భయం. చీర పోగులాంటి పట్టుదారం తీసి వేలికి గోరునుంచి కణుపుదాకా బిగించి చుట్టింది, రెండో కొసను నా కిందనుంచి లాగింది. దారం విప్పుతుంటే నేను కదిలాను. ఇన్నేళ్ళకు మొదటిసారి కదిలాను. కణుపు మీదికి ఎక్కాను, అక్కడ పాత ఎముక పగులు గట్టిపడి బుడిపెలా ఉంది, ఆగిపోయాను. రక్తం వచ్చింది. "ఇంకాస్త ఓర్చుకో అయ్యా" అంటూ ఆమె ఏడుస్తూ లాగింది. నేను రాలేకపోయాను.

అప్పుడే పాక గుమ్మంలో ఒఫెల్లస్ నిలబడ్డాడు. మనుషుల్ని దారిమీదే ఆపి ఒక్కడే వచ్చాడు. చేతిలో కత్తి ఉంది.  ముందు మాట్లాడింది నోనియానే.

"నీకు కావలసింది ఈయన ప్రాణమా, ఉంగరమా?"

"రేపు నా తల నా మెడమీద ఉండాలమ్మా. నాకు కావలసింది అదే."

"ఆ ఉంగరం ప్రాణం పోయాకే వస్తుందని ఊరంతా అంటోంది కదా. వేలితోసహా చూపించు. శవాన్ని ఏరు కొట్టుకుపోయిందను. ఎవరడుగుతారు?"

 ఎక్కడైనా ఈ మనిషి నోరు జారి తన పేరు చెప్పుకుంటే పోయేది ఒఫెల్లస్ తలే. ఆ సంగతి ముగ్గురికీ తెలుసు. వరెల్లస్ తానే చెయ్యి తీసి పడవ అంచుమీద పెట్టాడు.  ఒఫెల్లస్ మోకాళ్ళమీద కూర్చున్నాడు, బురదలో, వెనకటిలాగే.

"అన్నా" అన్నాడు. "అటు చూడు."

వరెల్లస్ మొహం తిప్పుకున్నాడు. ఆ పిలుపుకే అతని కళ్ళు నిండాయి, కత్తి పడింది ఆ తర్వాతే.

నోనియా గడ అందుకుంది. ఒఫెల్లస్ పిడికిట్లోంచి నేను చూస్తుండగా పడవ ముసురులోకి, తూర్పుకు, వెళ్ళిపోయింది. చేతికి గుడ్డ అదుముకుని కూర్చున్న ఆ మనిషి ఒక్కసారైనా వెనక్కి చూడలేదు. ఊరు చేరాడో లేదో నాకు తెలియదు. చేరాడనే అనుకుంటాను.

వేలు చూసి సభ తృప్తిపడింది. కొత్తరాజుకు నేను వదులయ్యాను. జారిపోకుండా లోపల దారం చుట్టుకున్నాడు. దారం మురికిపట్టేలోపే అతన్నీ చంపారు. తర్వాత ఎవరెవరో వచ్చారు, పేర్లు చెప్పినా మీకు గుర్తుండవు. ఒకడు పారిపోతూ నన్ను మురుగుకాలువలో పారేశాడు. ఆ బురదలో వందల ఏళ్ళున్నాను. తవ్వి తీసి, కడిగి, ఆ నగరంలోనే ఈ మ్యూజియంలో అద్దాల పెట్టెలో పెట్టారు. పక్కనే నా ముద్ర అచ్చు ఒకటి తెల్లటి సుద్దలో పోసి ఉంచారు. అందులో ఓడ కుడికి పోతోంది. కింద చీటీలో, ఈ ఉంగరం ధరించిన పాలకుడు నదీతీరాన హతుడయ్యాడు అని రాసి ఉంది. చదివి అందరూ అయ్యో అంటారు. కాదని చెప్పడానికి నాకు నోరు లేదు.

మొన్నొకనాడు టూరు బస్సులో వచ్చిన ఇద్దరు ఆడవాళ్ళు అద్దం మీదికి వంగారు. చిన్నామె పెద్దామె మోచెయ్యి పట్టుకుని, "అక్కా, గిది మన గుట్టకింద వాగుల దొరికే ఎర్రరాయి లెక్కనే లేదూ?" అంది.

ఎన్ని వందల ఏళ్ళయిందో ఆ మాట విని. నా లోపల వాగు పారినట్టయింది.

"మనయి ఈడికెందుకొస్తయే, రా పోదాం, బస్సు పోతది" అంది పెద్దామె.

వాళ్ళు వెళ్ళిపోయారు. నేను బంగారంలో, బంగారం అద్దంలో, అలాగే ఉన్నాం. వరెల్లస్‌కు కోసి ఇవ్వడానికి ఒక వేలుండేది, ఇచ్చి ఇంటికి పోయాడు. నాకు అదీ లేదు.