అక్క చేతి సలాడ్

కత్తి చప్పుడు మొదట విన్నది అమ్మ.

అక్క పోయి అప్పటికి మూడు వారాలు. ఉదయం ఏడు గంటలు. కళ్లజోళ్ల షాపుకి టైమవుతోందని చిన్నది హాల్లో హడావిడిగా హ్యాండ్‌బ్యాగు సర్దుకుంటోంది. మంచం మీద గోడవైపు తిరిగి పడుకున్న అమ్మ ఉన్నట్టుండి తల ఎత్తింది.

"వచ్చింది," అంది.

"ఎవరు?"

"పెద్దది. కీరా తరుగుతోంది. విను."

చిన్నది చెవులు రిక్కించింది. పక్క ఫ్లాట్‌లో కుళాయి కారుతోంది. కింద ఎవరో బండి స్టార్ట్ చేస్తున్నారు. అంతే. అయినా వంటింట్లోకి వెళ్లి చూసింది. కూరలు తరిగే చెక్క పొడిగా ఉంది. కత్తి అక్క పెట్టిన చోటే, గుడ్డలో చుట్టినట్టే ఉంది.

"ఎవరూ లేరమ్మా."

"నీకు వినపడదులే," అని అమ్మ మళ్లీ గోడవైపు తిరిగింది. "దానికి నువ్వు వంటింట్లో ఉంటే ఇష్టం ఉండదు."

అది నిజమే. అక్క ఒక ఆఫీసు భవనం కింద మధ్యాహ్నం తిండి కౌంటరు నడిపేది. జపాను పద్ధతిలో చేసే సలాడ్‌కి అక్కడ పెద్ద పేరు. సముద్రపు నాచు, కీరా, ముల్లంగి, క్యారెట్, పైన టోఫు, అంటే సోయా పనీరు, ముక్కలు. పన్నెండు కొట్టేసరికి మెట్లదాకా జనం. కౌంటరుకి బయల్దేరే ముందు రోజూ ఇంట్లో ఒక గిన్నెడు చేసి అమ్మ ముందు పెట్టి వెళ్లేది. "నాచూ గడ్డీ మాకొద్దు తల్లీ," అని వెక్కిరించి చిన్నది ఉడకబెట్టిన గుడ్డుతో సరిపెట్టుకునేది. ఆ గుడ్డు కూడా అక్క ఉడకబెట్టిందే.

ఒక గురువారం అక్క రోడ్డు దాటుతుంటే వ్యాను గుద్దింది. ఆరోజు నుంచి అమ్మ టీ, నాలుగు గుక్కల పాలు తప్ప ఏమీ ముట్టలేదు.

ఆ సాయంత్రం డాక్టరమ్మ ఇంటికొచ్చి అమ్మ చెయ్యి పట్టుకుని చూసి, చిన్నదాన్ని గుమ్మం బయటికి పిలిచింది.

"ఎల్లుండి దాకా చూస్తాను. ఈలోపు ఏదైనా తిన్నారా సరే. లేదంటే ఆస్పత్రిలో చేర్చి, ముక్కులోంచి గొట్టం వెయ్యాలి. ఈ ఒంటికి అదీ పడుతుందన్న నమ్మకం లేదు."

చిన్నది వచ్చి మంచం పక్కన కూచుంది. "ఏం చేసిపెడితే తింటావు? నోరు తెరిచి చెప్పు. చచ్చినా చేస్తాను."

"పెద్దది చేసిపెడితే తింటాను," అంది అమ్మ.

మర్నాడు షాపుకి సెలవు పెట్టి చిన్నది వంటింట్లోకి దిగింది. అల్మరా తలుపు లోపలివైపు అక్క ఒక కాగితం అతికించి పెట్టింది. కౌంటర్లో కొత్తగా చేరేవాళ్ల కోసం రాసుకున్నదాని నకలు. ఎడమచేతి రాత, అక్షరాలన్నీ గాలికి వాలిన పైరులా ఒకవైపుకి.

*నాచు ఒక్క చెంచా. ఐదు నిమిషాలు నానాలి. ఆరైతే పారెయ్. టోఫు గుడ్డలో చుట్టి, పైన బరువు పెట్టి, అరగంట. కీరా ఏటవాలుగా, అవతలి వేలు కనపడేంత పల్చగా.*

ఎండు నాచు నల్లటి టీ పొడిలా ఉంది. ఒక చెంచా ఏ మూలకి? చిన్నది గుప్పెడు పోసి నీళ్లు పట్టింది. ఈలోపు టోఫు పెట్టె విప్పి, బరువు పెట్టే ఓపిక లేక అలాగే కోసింది. ముక్కలు తడి సబ్బులా నలిగి చిందరవందర అయ్యాయి. వెనక్కి తిరిగేసరికి నాచు గిన్నె పొంగి, గట్టు మీంచి సింకులోకి ఆకుపచ్చగా పాకుతోంది.

ఎలాగో ఒక గిన్నెలోకి ఎత్తి పట్టుకెళ్లింది. అమ్మ చెంచాతో ఒక కీరా ముక్క పైకెత్తి చూసింది.

"ఇది తలుపు కింద చెక్కలా ఉందే."

"రుచి చూడు ముందు."

"నీ చెయ్యి తెలుస్తూనే ఉంది," అని గిన్నె పక్కకి జరిపింది.

చిన్నది వంటింట్లో నేల మీద కూలబడి కాసేపు ఏడ్చింది. తర్వాత ముక్కు తుడుచుకుని లేచి, కాగితంలో ఉన్నది ఉన్నట్టు చేద్దామని మొదలుపెట్టింది. ఒక్క చెంచా నాచు. ఫోన్లో ఐదు నిమిషాల అలారం. గుడ్డలో టోఫు, పైన నీళ్ల గిన్నె, అరగంట. వెనిగర్, సోయా సాస్, నువ్వుల నూనె, తురిమిన అల్లం కలిపింది. నువ్వులు చిటపటలాడేదాకా వేయించింది.

ఇక కీరా. ఇంట్లో కూరల కత్తితో లాభం లేదని అక్క కత్తి బయటికి తీసింది.

అది కుదురుగా తెగదు. నిటారుగా దించినా అంచు పక్కకి లాక్కుపోతోంది. ప్రతి ముక్కా ఒక చివర మందం, ఒక చివర పల్చన. చిన్నది కత్తిని కిటికీ దగ్గరికి తీసుకెళ్లి వెలుతురుకి అడ్డంగా పట్టి చూసింది. రోజంతా అద్దాల అంచులు అరగదీసే మనిషి, అంచు సంగతి ఆమెకి ఎవరూ చెప్పక్కర్లేదు. కత్తికి ఒకవైపే సాన ఉంది. అదీ ఎడమవైపు. ఎడమచేతివాటం అక్క తన చేతి కోసం ప్రత్యేకంగా చేయించుకున్న కత్తి. కుడిచేతికి అది ఈ జన్మలో లొంగదు.

చిన్నది ఎడమచేత్తో ఎన్నడూ దువ్వెన కూడా పట్టింది లేదు. అయినా గత్యంతరం లేక కత్తిని ఆ చేతిలోకి మార్చింది.

టక్. టక్. టక్‌టక్‌టక్‌టక్.

చూస్తూ ఉండగానే కీరా అయిపోయింది. ముల్లంగి అయిపోయింది. క్యారెట్ అగ్గిపుల్లల్లా రాలింది. ముక్క ఎత్తి చూస్తే అవతలి వేలు కనపడుతోంది. తను తరగడంలేదు. తన చెయ్యి తరుగుతోంది, తను చూస్తోంది.

తల తిప్పితే గుమ్మంలో గోడ పట్టుకుని అమ్మ నిలబడి ఉంది. వారంగా అమ్మ తనంతట తాను మంచం దిగడం అదే మొదలు.

"ఆకలేస్తోంది," అంది.

గిన్నెడూ తినేసింది. అడుగున మిగిలిన పులుసు కూడా తాగింది. మర్నాడు డాక్టరమ్మ వచ్చి చూసి, "ఏం మంత్రం వేశావు?" అంది. చిన్నది నవ్వింది. నవ్వాక నోటికి చెయ్యి అడ్డుపెట్టుకుంది. ఆ నవ్వు గొంతులోంచి గుప్పున లేచి, చివర చిన్నగా కోడిపెట్టలా కొక్కొక్కుమంది. అలా నవ్వేది అక్క.

వారం తిరిగేసరికి అమ్మ బాల్కనీలో కూచుని పక్కింటావిడతో తగువులాడే స్థితికి వచ్చింది. రోజూ ఏడింటికి గిన్నె, ఏడున్నరకి ఖాళీ గిన్నె. చూసినవాళ్లందరూ చిన్నదాన్ని మెచ్చుకున్నారు. షాపులో మాత్రం ఓనరు పిలిచి కార్డు ఒకటి ముందు పడేశాడు.

"ఏంటమ్మాయ్ ఇది?"

కళ్ల పవరు రాయాల్సిన కార్డు. పైన గీతలో కస్టమర్ వివరాలు చిన్నదాని రాతలోనే ఉన్నాయి. కింద, అక్షరాలు ఒకవైపుకి వాలి, "నాచు రెండు, టోఫు ఒకటి, ఉల్లికాడ వద్దు" అని ఉంది.

"నేను రాయలేదండీ."

"మరి నేను రాశానా? పొద్దున బ్యాంకు మేనేజరు వచ్చి తిట్టిపోశాడు. కుడి అద్దం ఎడమకి, ఎడమది కుడికి బిగించావట. అవి పెట్టుకుంటే ఆయన కుర్చీ ఆయన మీదకే నడిచి వస్తోందట!"

పక్క బల్ల దగ్గర కుర్రాళ్లు పడీపడీ నవ్వారు. చిన్నది నవ్వలేదు. కార్డు మీది సిరా తన ఎడమ అరచేతి అంచుకి అంటుకుని ఉంది.

ఆ తర్వాత నుంచి కాపు కాసింది. కాఫీ కప్పు ఎడమచేతికి మారిపోతోంది. జడ ఎడమభుజం మీదకి వచ్చిపడుతోంది. బస్సులో కునుకు పట్టి లేస్తే, తన స్టాపు ఎప్పుడో దాటిపోయి, అక్క కౌంటరు ఉన్న భవనం ముందు దిగుతోంది. ఒకరోజు కళ్లు తెరిచేసరికి మంచం మీద లేదు. వంటింట్లో నిలబడి ఉంది. కిటికీలో అప్పుడే తెల్లారుతోంది. ముందు చెక్క మీద కీరా కొండలా పోగుపడి ఉంది, కౌంటర్లో ఏభైమందికి సరిపోయేంత. ఎప్పుడు లేచిందో, ఎప్పుడు తరిగిందో గుర్తులేదు. నిన్న సాయంత్రం నుంచి ఇప్పటిదాకా ఏ ఒక్కటీ గుర్తులేదు.

రోజుకి ఇంత చొప్పున పోతుంటే, నెల తిరిగేసరికి తనంటూ ఎంత మిగులుతుంది? కత్తి చెత్తలో పడేస్తే తను మిగులుతుంది. మరి అమ్మ?

చిన్నది తువ్వాలుతో ఎడమచేతిని నడుముకి కట్టేసుకుని, పంటితో ముడి బిగించి, అమ్మ గదిలోకి వెళ్లింది.

"ఇవాళ సలాడ్ లేదమ్మా."

అమ్మ ఆ కట్టు వంక చూసింది. ఏమైందని అడగలేదు. అడగకపోవడంతో చిన్నదానికి అంతా అర్థమైంది.

"నీకు తెలుసా?"

అమ్మ దుప్పటి అంచు నలుపుతూ కూచుంది. "మొదటి గిన్నె నోట్లో పెట్టుకున్నప్పుడే తెలుసు."

"మరి చెప్పలేదేం?"

"ఏమని చెప్పను? నువ్వు గిన్నె పట్టుకుని వస్తే అది వచ్చినట్టు ఉండేది. అదే నడక, అదే నవ్వు. ఇంకొక్క రోజు, ఇంకొక్క రోజు అనుకున్నాను. నువ్వు తరిగిపోతున్నావని కనపడుతూనే ఉంది. కళ్లు మూసుకుని తిన్నాను."

"నేనేమైపోయినా పర్లేదా నీకు?" అంది చిన్నది. "చిన్నప్పటి నుంచీ అంతే. పెద్దదే నీకు కూతురు. నేను దాని తోక!"

అమ్మ మంచం దిగింది. మెల్లిగా వచ్చి, చిన్నదాని ముఖం రెండు చేతుల్లోకి తీసుకుని, చాలా రోజుల తర్వాత తిన్నగా చూసింది.

"మొద్దుమొహమా," అంది. "పద వంటింట్లోకి."

"నేను తరగనని చెప్పానుగా."

"దాని కత్తితో కాదు. మన కూరల కత్తితో, నీ కుడిచేత్తో."

"నేను చేస్తే నువ్వు తినవు."

"తింటానో లేదో తర్వాత సంగతి. పద."

అమ్మ అక్క కత్తిని గుడ్డలో చుట్టి అల్మరా పై అరలోకి తోసింది. తువ్వాలు ముడి విప్పింది. విప్పగానే ఎడమచెయ్యి పైకి లేచింది. చిన్నది ఆపబోయినా ఆగలేదు. అల్మరా వైపు, పై అర వైపు, వేళ్లు చాచుకుంటూ పోతోంది. భుజం దగ్గర కీలు నొప్పెట్టి చిన్నది కేక పెట్టింది.

అమ్మ ఆ చేతిని మణికట్టు దగ్గర ఒడిసి పట్టుకుంది. ముప్పై ఏళ్లు పోస్టాఫీసులో ముద్రలు కొట్టిన చెయ్యి అమ్మది. పట్టు ఇంకా గట్టిగానే ఉంది. రెండో చేత్తో కీరాని చెక్క మీద కదలకుండా నొక్కి పట్టింది.

"కొయ్యి."

"నీ వేళ్లు తెగుతాయమ్మా!"

"తెగితే నావే తెగుతాయి. కొయ్యి."

చిన్నది కోసింది. కత్తి మొద్దు. ఒక ముక్క మందం, ఒకటి పల్చన, ఒకటి సగంలో విరిగింది. ఎడమచెయ్యి గింజుకుంటోంది, గోళ్లు అమ్మ మణికట్టులో దిగుతున్నాయి. అమ్మ ఆ చేతితో మాట్లాడుతోంది, చంటిపిల్లని జోకొడుతున్నట్టు. "ఉండమ్మా. నీకు చేతకాక కాదు. ఇది నేర్చుకోవాలిగా. ఎప్పటికి నేర్చుకుంటుంది నువ్విలా చేసిపెడుతూ ఉంటే?"

నాచు ఎంతసేపు నానిందో ఎవరూ చూడలేదు. టోఫు మీద బరువు పెట్టడానికి ఖాళీ చెయ్యి లేదు. అన్నీ ఒక గిన్నెలో పడ్డాయి. ఇద్దరూ అక్కడే వంటింటి గట్టుకి ఆనుకుని నేల మీద కూచున్నారు. అమ్మ కుడిచేతిలో చెంచా, ఎడమచేతిలో ఆ చెయ్యి.

మొదటి ముద్ద నోట్లోనే చాలాసేపు ఉంది. అమ్మ గుటక మింగింది.

"నాచు జిగురుగా ఉంది."

"తెలుసు."

"టోఫు నీళ్లు కారుతోంది."

"తెలుసమ్మా."

"అల్లం ఎవరు వెయ్యమన్నారు ఇంత? నోరు భగ్గుమంటోంది." అమ్మ కళ్లలోంచి నీళ్లు కారుతున్నాయి. అల్లం కారమే అనుకోవచ్చు కావాలంటే. రెండో చెంచా తీసుకుంది. మూడోది. పెద్ద ముక్క వస్తే పళ్ల మధ్య పెట్టి కొరికి, మిగతా సగం గిన్నెలో పెట్టి, మళ్లీ అదే తీసుకుంది.

"పెద్దదానా," అంది నములుతూ, చిన్నదాని వైపు చూడకుండా. "చూశావుగా. తింటున్నాను."

ఎడమచెయ్యి ఒక్కసారి అమ్మ చేతిని నలిపేసేంతగా బిగించింది. చిన్నదానికి ఆ బిగింపు భుజందాకా తెలిసింది. తర్వాత చిటికెనవేలు వదిలింది. దాని పక్కది వదిలింది. మధ్యవేలు, చూపుడువేలు. బొటనవేలు మాత్రం అమ్మ మణికట్టు మీద, నాడి కొట్టుకునే చోట ఆనుకుని అలాగే ఉండిపోయింది. అమ్మ తొందరపెట్టలేదు. గిన్నె అడుగున ఇంకా రెండు చెంచాలుంది. ఒక్కొక్క ముక్కే ఏరుకుని, మెల్లిగా తింటూ కూచుంది.