కుక్క గాలిలో నిలబడింది

రెండో ప్రపంచ యుద్ధం ముగిసిన మరుసటి ఏడు, హాలీవుడ్‌లో గీసిన బొమ్మలతో సినిమాలు తీసే ఒక స్టూడియోలో నేను కెమెరా పని చేసేవాణ్ణి. బల్ల మీద బొమ్మ పెట్టాలి, అద్దం దించాలి, కాలితో మీట తొక్కాలి. ఒక తొక్కుకు ఒక ఫ్రేము; ఎన్ని ఫ్రేములు తీస్తే తెర మీద ఆ బొమ్మ అంతసేపు నిలుస్తుంది. ఏ బొమ్మకు ఎన్ని తొక్కులో పక్కనున్న కాగితంలో ఉంటుంది. ఆ పనికి అంకెలు వస్తే చాలు.

ఆ వారం మెర్విన్ గీసిన బొమ్మలు వచ్చాయి. కుక్క పుంజును తరుముతుంది. పుంజు కొట్టం కప్పు అంచున టక్కున ఆగుతుంది. కుక్క ఆగలేక గాలిలోకి పోయి, కిందున్న పిండి పీపాలో పడుతుంది. మెర్విన్ అంతకుముందు గీసిన రెండు హాస్యాలకూ ఎవరూ నవ్వలేదు. శుక్రవారం దీన్ని వేసి చూసినప్పుడు కూడా నవ్వు రాకపోతే సామాను సర్దుకొమ్మని దర్శకుడు కాల్డర్ చెప్పేశాడు.

డెబ్బై ఒకటో బొమ్మలో కుక్క అంచు దాటేసింది. కాళ్ల కింద ఏమీ లేదు. ఆ సంగతి దానికింకా తెలియదు. కాగితంలో ఆరు అని ఉంది. నేను వంగి దాని కళ్లలోకి చూశాను. అంత లావు కుక్క ఎందుకు పడలేదు? తెలియనంతసేపూ పడదా? నేను చూస్తుంటే కాలు తన పని తాను చేసుకుపోయింది. తేరుకుని కెమెరా మీది లెక్క చూస్తే పద్దెనిమిది. మళ్లీ తీయడానికి వ్యవధి లేదు. రీలు కడగడానికి తీసుకెళ్లే మనిషి గుమ్మంలో నిలబడి ఉన్నాడు.

రంగులు వేయకముందు, పెన్సిలు గీతలుగా ఉండగానే బొమ్మను ఒక ఇరుకు గదిలో తెర మీద వేసి చూస్తారు. దాన్ని మేం చెమట గది అనేవాళ్లం. మెర్విన్ టోపీ నలుపుకుంటూ కూర్చున్నాడు.

"నీ కుక్క కన్నా ముందు నువ్వే పడేట్టున్నావోయ్," అన్నాడు కాల్డర్.

కుక్క పరిగెత్తింది. ఎవరూ నవ్వలేదు. పుంజు ఆగింది. అప్పుడూ లేదు. కుక్క గాలిలో నిలబడింది. ఇంకా నిలబడే ఉంది. మెర్విన్ ఉలిక్కిపడ్డాడు. అది పీపాలో పడగానే కాల్డర్ కుర్చీ చేయి చరుస్తూ నవ్వాడు. ఆ వెనకే గదంతా.

"ఎంతసేపు నిలబెట్టావయ్యా దాన్ని?"

"నేను ఆరే రాశాను," అన్నాడు మెర్విన్. అబద్ధమాడి ఉంటే సరిపోయేది.

"పద్దెనిమిది," అన్నాను. "తప్పు నాది. చూస్తూ ఉండిపోయా."

"ఏం చూశావు, గస్?"

"దానికి ఎప్పుడు తెలుస్తుందా అని."

కాల్డర్ రీలు మళ్లీ వేయించాడు. మళ్లీ నవ్వాడు. పద్దెనిమిదే ఉంచమన్నాడు. మెర్విన్‌ను కూడా ఉండమన్నాడు గానీ, ఇకమీదట అంకె వేసే ముందు నా కెమెరా గదికి వెళ్లి నాతో కూర్చోమన్నాడు.

సోమవారం మెర్విన్ ఒక కొత్త బొమ్మ తెచ్చి అద్దం కింద పెట్టాడు. కాగితంలో అంకె లేదు. కుక్క ఈసారి ఊడిన నిచ్చెన మీద ఉంది. ఇద్దరం వంగి చూశాం.

"దానికి తెలిసిందంటావా?" అన్నాడు చాలాసేపటికి.

"ఇంకా లేదు," అన్నాను.