కిటికీ ఉన్న చిప్పు

కదలని వస్తువు ముసలిదవుతుందా?

ఈ అనుమానం తాళ్లాయన్ని పాతికేళ్లుగా పట్టుకుని వదల్లేదు. తాళ్లాయన అంటే ఓ ఏడంతస్తుల ఆఫీసు భవనంలో రెండు లిఫ్టులూ చూసుకునే మెకానిక్. ఉక్కుతాళ్లకు గ్రీజు రాసీ రాసీ అరచేతి గీతలు కూడా నల్లబడ్డాయి కాబట్టి ఆ పేరు. తాడు అరుగుతుంది. బ్రేకు అరుగుతుంది. మెట్లెక్కీ దిగీ ఆయన మోకాళ్లూ అరిగాయి. మరి మేడ మీద మిషన్ గదిలో, కంట్రోలు బీరువాలో, పచ్చటి పలకకి నలభై కాళ్లతో జెర్రిలా అతుక్కుని కూర్చున్న ప్రాసెసరు సంగతేమిటి? అది కదలదు, మెదలదు, ఒక్క కాలు ఎత్తదు. దానికి అరిగేదేముంది?

ఒకసారి ప్రవచనం చెప్పే పెద్దమనిషిని అడిగాడు. "పుట్టిందల్లా గిట్టేదే నాయనా" అన్నాడాయన. కాదనడానికి లేదు. అలాగని అడిగినదానికి జవాబూ కాదు. అందుకని తాళ్లాయన రోజూ పొద్దున్నే దేవుడికి దండం పెట్టుకునేటప్పుడు చివర్లో అదొకటి కలిపేవాడు: స్వామీ, తీరిక ఉన్నప్పుడు చెప్పు.

దేవుడికి ఈ ఏడు తీరిక దొరికింది.

మూడు వారాలుగా మొదటి లిఫ్టుకి మతి తప్పింది. ఐదు నొక్కితే మూడులో ఆగుతోంది. రెండు నొక్కితే ఏకంగా ఏడుకి పోతోంది. ఆడిటర్ కోసం వచ్చినాయన పళ్ల డాక్టరు కుర్చీలో నోరు తెరుచుకుని కూర్చున్నాడని భవనమంతా నవ్వుకున్నారు. చిత్రమేమిటంటే ఈ పిచ్చంతా పొద్దుట ఎనిమిది నుంచి పది లోపే. తరవాత ఏమీ ఎరగనట్టు బుద్ధిగా తిరుగుతుంది. తాళ్లాయన బటన్లు మార్చాడు, వైర్లు తడిమాడు, తలుపు స్విచ్చులు తుడిచాడు. ఏం లాభం లేదు.

భవనం సంఘం కార్యదర్శి కొత్త లిఫ్టు కంపెనీ ఇంజినీరుని పిలిపించాడు. కుర్రాడు మంచివాడే, చెప్పులు బయట విడిచి మరీ మిషన్ గదిలోకి వచ్చాడు. బీరువాలోకి ఒకసారి తొంగిచూసి, తాతగారి ఫొటో చూసినట్టు నవ్వాడు.

"పెద్దాయనా, ఈ ప్రాసెసరులో ట్రాన్సిస్టర్లు ఎన్నో తెలుసా? ఆరేడు వేలు. నా జేబులో ఫోనుంది చూశారూ, దీంట్లో వెయ్యి కోట్ల పైమాట."

"ఏడో అంతస్తు ఎక్కడానికి ఎన్ని కావాలి బాబూ?"

కార్యదర్శి దగ్గినట్టు నటించి నవ్వు దాచుకున్నాడు.

"అది కాదండీ. దీని కాలం అయిపోయింది."

"కాలం అయిపోవడం వేరు, పాడవడం వేరు" అన్నాడు తాళ్లాయన. "నేను ఈ పనిలో చేరినప్పుడు ఇక్కడ గోడ పొడుగునా రిలే స్విచ్చులుండేవి. లిఫ్టు కదిలితే చాలు, గదంతా టకటకలాడేది. ఆ గోడంతటి పనీ ఈ వేలెడు చిప్పులోకి దూరింది. రిలేలు మాత్రం నిజంగానే అరిగేవి, వాటి మొనలు నేనే ఆకురాయి పెట్టి రుద్దేవాణ్ణి. దీంట్లో ఏది అరిగిందో చూపించు, ఒప్పుకుంటాను."

కుర్రాడు చూపించలేకపోయాడు. చూపించాల్సిన అవసరమూ లేకపోయింది. కార్యదర్శి జేబులోంచి ఓ కాగితం తీశాడు. 'ప్రాసెసరు వయసు మీరి పాడైనందున రెండు లిఫ్టుల కంట్రోలు మార్చవలెను' అని టైపు చేసి ఉంది. కింద మెకానిక్ సంతకానికి ఖాళీ.

"ఇది లేకపోతే సభ్యులు ఒప్పుకోరు. సోమవారం మీటింగు" అన్నాడు కార్యదర్శి. "నువ్వు సంతకం పెడితే కొత్త కంపెనీ నిన్ను ఇక్కడే ఉంచుకుంటుంది, నేను మాట్లాడాను. పెట్టకపోతే లిఫ్టు చెడగొట్టింది నువ్వే అవుతావు. ఆపైన నీ ఇష్టం."

"కొత్తది తెచ్చుకోండి. కొత్తది బాగుందని తెచ్చుకోండి, నేనే మోసుకొచ్చి పెడతాను. పాతది పాడైందని మాత్రం నా చేత రాయించకండి. నాకు తెలియదు ఆ సంగతి."

కాగితం ఎక్కడిదక్కడే ఉండిపోయింది.

ఇంటికెళ్లి చెబితే ఇంటావిడ అన్నం వడ్డిస్తూ చెయ్యి ఆపింది. "సంతకం పెట్టేస్తే పోయేదేముంది? చిప్పు లేచొచ్చి మిమ్మల్ని నిలదీస్తుందా?"

"నోరు లేనిదనేగా అందరూ దాని మీద పడుతున్నారు."

"బాగుంది. ముప్పై ఏళ్ల కాపరంలో మీ అమ్మ దగ్గర నా తరఫున ఒక్క మాట మాట్లాడింది లేదు గానీ, చిప్పుకి వకాల్తా పుచ్చుకున్నారు."

తాళ్లాయన తల వంచుకుని తిన్నాడు.

"పోనీ లెండి" అందావిడే మెత్తబడి. "చొక్కా ఒకటే ఉంది రేపటికి. నిన్నంతా మబ్బు, ఉతికినవి ఒక్కటీ ఆరలేదు."

ఆయన చేతిలో ముద్ద చేతిలోనే ఉండిపోయింది. నిన్న. నిన్న పొద్దుట లిఫ్టు ఒక్క తప్పూ చెయ్యలేదు. ఆదివారమో సెలవో కాదు, జనం మామూలుగానే వచ్చారు. మబ్బు ఒక్కటే తేడా.

మర్నాడు ఏడున్నరకే మిషన్ గదిలో స్టూలేసుకుని కూర్చున్నాడు. ఎండాకాలం ఉక్కపోతకి బీరువా తలుపు తీసి ఉంచడం ఆయన పద్ధతి. ఎనిమిదయ్యేసరికి తూర్పు వెంటిలేటరులోంచి పలకంత ఎండ జారి, నేల మీద పాకి, బీరువాలోకి ఎక్కింది. ప్రాసెసరు వీపు మీదుగా పోయి పక్కనున్న చిప్పు మీద నిలబడింది. ఆ చిప్పు నడుమన పావలా కంటే చిన్న గాజు కిటికీ ఉంది. కిటికీ తళుక్కుమంది. కింద ఎవరో నాలుగు నొక్కినట్టున్నారు, లిఫ్టు ఆరుకి బయల్దేరింది.

ఆ కిటికీ మీద అంటించి ఉండాల్సిన మూత కాగితం లేదు.

ఎందుకు లేదో ఆయనకి వెంటనే గుర్తొచ్చింది. ఏటా ఒకసారి ఆయన బీరువా అంతా దేవుడి పటాలు తుడిచినంత శ్రద్ధగా స్పిరిట్ గుడ్డతో తుడుస్తాడు. నెల కిందట అలా తుడుస్తుంటే జిడ్డు పట్టి అంచులు లేచిన కాగితం ముక్కొకటి కనబడింది. మురికిగా ఉందని పీకి పారేశాడు. శుభ్రం మీద మోజు కొంప ముంచింది.

మధ్యాహ్నం రేడియో వీధిలో చిప్పులక్క కొట్టుకి వెళ్లాడు. టీవీల నుంచి కంప్యూటర్ల దాకా దేన్నయినా విప్పి ప్రాణం పోసే మనిషి. పిడుగు పడి మొదటి లిఫ్టు మెమరీ చిప్పు కాలిపోయినప్పుడు, రెండో లిఫ్టు చిప్పులోంచి ఆ ప్రోగ్రాము తన దగ్గరున్న ఖాళీ చిప్పులోకి నకలు తీసి ఇచ్చింది ఆవిడే.

"ఏం తమ్ముడూ, ఇరవై రెండేళ్లకి దారి కనబడిందా? నా ఖాళీ చిప్పు తెచ్చావా? రేపే ఇచ్చేస్తానని పట్టుకుపోయావు."

"ఆ రేపు ఇంకా రాలేదక్కా. అంతకంటే పెద్ద తప్పు చేసి వచ్చాను."

విని అక్క నెత్తి కొట్టుకుంది. "ప్రాసెసరు నీలాంటిది, చెప్పింది చేస్తుంది. చెప్పేది ఈ పక్క చిప్పు. దాంట్లో రాసింది వెలుతురు పెడితే చెరిగిపోతుంది, చెరిపి మళ్లీ రాసుకోవడానికే ఆ కిటికీ. అందుకే మీద కాగితం అంటించి, ప్రాణం పోయినా తియ్యకని చెప్పాను. ఎండలో దానికి కళ్లు బైర్లు కమ్మి తప్పు చదివిస్తోంది. నీడ పడగానే తేరుకుంటోంది. ఇంకో నెల పోతే తేరుకోవడం కూడా ఉండదు. నీ ప్రాసెసరుకేం, గుండ్రాయిలా ఉంది."

"అంటే అది ముసలిదవ్వలేదు."

"ఎప్పటికో అవుతుందిలే. నువ్వూ నేనూ పోయాక."

పాతికేళ్ల అనుమానానికి అంత చిన్న జవాబు వస్తుందని ఆయన అనుకోలేదు. సంతోషం సగమే కలిగింది. మిగతా సగాన్ని తను చేసిన తప్పు మింగేసింది, అది సోమవారం చెప్పాలి.

సోమవారం పొద్దుట ఎనిమిదింటికే కార్యదర్శినీ, ఇంజినీరునీ, వచ్చిన నలుగురు సభ్యుల్నీ మిషన్ గదికి తీసుకెళ్లాడు. చిప్పు కిటికీ మీద నల్ల టేపు అంటించాడు. ఇంజినీరు కిందికి దిగి ఐదు నొక్కితే ఐదులోనే ఆగింది. టేపు తీశాడు. ఐదు నొక్కితే రెండులో ఆగింది. నాలుగుసార్లు అలాగే చూపించాడు. ఇంజినీరు మెట్లెక్కి ఆయాసపడుతూ వచ్చి, వంగి ఆ కిటికీ వంక చాలాసేపు చూశాడు.

"ఇలాంటి చిప్పు నేనెప్పుడూ చూడలేదండీ. మా కాలానికి కిటికీలు మూసేశారు."

"ఇదెవరి తప్పు?" అన్నాడు కార్యదర్శి.

కాగితం దానంతటదే ఊడిపోయిందని తాళ్లాయన ఒక్క మాటంటే చాలు, తప్పు పాత జిగురు మీదకి పోయేది. ఆయన నిటారుగా నిలబడ్డాడు.

"నాది. మూత కాగితం నేనే పీకాను. రాసుకోండి. ప్రాసెసరు తప్పని మాత్రం రాయడానికి వీల్లేదు."

"మూడు వారాలు జనం చేత మెట్లెక్కించావు. ఒప్పుకుంటే ఉద్యోగం పోతుందని తెలిసే ఒప్పుకుంటున్నావా?"

"పోతే పోనివ్వండి. దాని మీదకి తోసి బతకలేను."

సభ్యుల్లో పళ్ల డాక్టరు నవ్వేసింది. కొత్త కంట్రోలుకి తన వంతు డబ్బు ఇవ్వడం ఆవిడకి మొదట్నుంచీ ఇష్టం లేదు. కార్యదర్శి కాసేపు గొణిగి, కంట్రోలు మార్చడం వాయిదా వేశాడు. మెకానిక్ సంగతి ఏడాది చివర చూద్దామన్నాడు. అయితే చేసిన తప్పు అందరికీ తెలియాలని పట్టుబట్టాడు. తాళ్లాయన దానికీ వెనక్కి తగ్గలేదు. కాగితం తెప్పించుకుని తన చేత్తోనే రాసి లిఫ్టు తలుపు పక్కన అంటించాడు: 'ఈ లిఫ్టు దారి తప్పడానికి కారణం మెకానిక్. ప్రాసెసరు బాగానే ఉంది.'

ఆ సాయంత్రం కొత్త చిప్పొకటి కొనుక్కుని, రెండు లిఫ్టుల చిప్పులూ పట్టుకుని అక్క కొట్టుకి వెళ్లాడు. రెండోదాంట్లోంచి కొత్తదానిలోకి నకలు ఎక్కించడం పది నిమిషాల పని. అక్క దాని కిటికీ మీద వెండిరంగు కాగితం అంటించి, అంచులు గోటితో గట్టిగా నొక్కింది.

"ఈ పాతదాన్నేం చేస్తావు?"

"దీన్ని పూర్తిగా చెరిపెయ్యి అక్కా."

ఆవిడ చెరిపే దీపం కింద దాన్ని పెట్టి మూత వేసింది. ఇద్దరూ టీ తాగేసరికి పనయిపోయింది. తీసి యంత్రంలో పెట్టి చూసింది. మొదటి గడి నుంచి చివరి గడి దాకా ఒక్క అక్షరం లేదు.

తాళ్లాయన దాన్ని రుమాలుతో తుడవబోయి, ఆగి, అలాగే రెండు చేతులతో ఆవిడకి అందించాడు.

"ఖాళీ చిప్పు అడిగావుగా అక్కా. ఇదే అది."

అక్క అటూ ఇటూ తిప్పి కాళ్లన్నీ సరిగ్గా ఉన్నాయో లేదో లెక్కపెట్టుకుని, ఖాళీ చిప్పుల సొరుగులో పడేసింది.